ఊహా మొక్క పక్కన బతికే మనుషుల తరఫున: కల్పనా రచయితలకు, సంపాదకులకు బహిరంగ లేఖ

గౌరవనీయులైన కల్పనా కథా రచయితలకు, చిత్రకారులకు, కంప్యూటర్ ఆటల రూపకర్తలకు, వీరి కృతులను వెలువరించే సంపాదకులకు,

నమస్కారం. చాలా ఏళ్లు వృక్షశాస్త్రం బోధించి, ఇప్పుడు తీరికగా మీ కథలు చదువుకుంటున్న ఒక పాఠకుడు రాస్తున్న లేఖ ఇది. ఆ కథలతో గడిచిన సాయంత్రాలకు మీకు రుణపడి ఉన్నాను. ఆ మాట ఒక్కసారి చెప్పుకుని నేరుగా విషయంలోకి వస్తాను.

కొంతకాలం కిందట ధారావాహికగా వెలువడిన ఒక నవలలో ఒక ఊహాజీవి ఉంది. నవల పేరు, రచయిత పేరు ఇక్కడ చెప్పను, ఎందుకంటే నా ఫిర్యాదు ఆ ఒక్కరి మీద కాదు. ఆ జీవికి వేళ్లున్నాయి, ఆకులున్నాయి, ఎండ తాగి బతుకుతుంది. అయినా అది మొక్క అని గానీ జంతువు అని గానీ రచయిత తేల్చి చెప్పలేదు. రేపు వీచబోయే గాలికి దాని కొమ్మలు ఇవాళే వంగుతాయి. ముందు కాయ కాస్తుంది, ఆ తరువాత నెలలకు పువ్వు పూస్తుంది. దాన్ని ఎవరైనా గొడ్డలితో నరికితే, ఆ గాటు ముందురోజే కాండం మీద కనిపిస్తుంది. ఈ చివరి వాక్యం దగ్గర నేను చదవడం ఆపి చాలాసేపు కూర్చున్నాను. ఇంత మంచి ఊహ నా చదువులో అరుదుగా తగిలింది.

తరువాతి ప్రకరణాల్లో కథానాయకుడు ఆ జీవిని చూసి శత్రువు దాడిని రెండుసార్లు ముందే పసిగట్టి తప్పించుకుంటాడు. మూడోసారి దాని అవసరం రాలేదు, ఇక అది కథలో కనిపించలేదు. అది పెరిగే లోయలో పన్నెండు ఇళ్లు ఉన్నాయనీ, వాళ్లు తరతరాలుగా దాని పక్కనే బతుకుతున్నారనీ రచయితే రాశారు. ఆ పన్నెండు ఇళ్లవాళ్లు ఒక్క సన్నివేశంలో కాగడాలు పట్టుకుని వచ్చి, కేకలు వేసి, వెళ్లిపోతారు. వాళ్లు ఏం పండిస్తారో, ఎప్పుడు విత్తుతారో, మర్నాడు పెనుగాలి ఉందని కొమ్మలు నేలకు వంగి చెప్పిన రాత్రి వాళ్లకు కంటిమీద కునుకు పట్టిందో లేదో మనకు తెలియదు.

ఈ సంగతే రచయితకు ఒక ఉత్తరం రాశాను. రెండు నెలలు చూసి సంపాదకులకు రాశాను. ఆ తరువాత ప్రచురణకర్తలకు రాశాను. మూడో ఉత్తరానికి ఒక్క వాక్యం జవాబుగా వచ్చింది: కల్పనను లెక్కలు అడగకూడదట. ఆ జవాబుతో నేను ఏకీభవించలేకపోయాను కాబట్టి, అదే ప్రశ్న ఇప్పుడు ఈ వృత్తిలో ఉన్న మీ అందరి ముందూ పెడుతున్నాను. నూరేళ్లకు ఒకసారి విచ్చుకుని తలుపులా దారిచ్చే పువ్వు, నీడలో నిలబడినవారికి వయసు ఆపేసే చెట్టు, చేత పట్టినవారిని ముసలివాళ్లను చేసే విత్తనం, ఇలాంటివి మీ కథల్లోనూ ఆటల్లోనూ లెక్కలేనన్ని వస్తున్నాయి. వీటన్నిటిలోనూ నాకు ఒకే లోపం కనిపిస్తోంది. మొక్క కాలంతో ఏం చేస్తుందో వర్ణిస్తారు. ఆ కాలం పక్కింటివాళ్లను ఏం చేస్తుందో వదిలేస్తారు.

లెక్క ఎందుకు అడుగుతున్నానో చెప్పడానికి ముందుగా నిజమైన మొక్కల దగ్గరికి వెళ్లాలి. లేత పొద్దుతిరుగుడు మొక్క పగలంతా సూర్యుడి వెంట తూర్పు నుంచి పడమరకు తిరుగుతుందని అందరికీ తెలుసు. రాత్రి అది చేసే పని అంతకంటే విచిత్రమైనది. చీకట్లో, వెంటాడడానికి ఏ వెలుగూ లేనప్పుడు, అది మెల్లగా వెనక్కి తిరిగి తెల్లవారకముందే తూర్పు ముఖంగా నిలుస్తుంది. దీన్ని నడిపేది మొక్క లోపలి గడియారమేనని 2016లో శాస్త్రజ్ఞులు ప్రయోగాలతో చూపారు. నడినెత్తిన కదలని దీపం వెలిగించి గదిలో పెట్టినా ఆ మొక్కలు కొన్ని రోజుల పాటు అటూ ఇటూ ఊగుతూనే ఉన్నాయి. రేపటి సూర్యుడికి ఇవాళ్టి రాత్రే వంగే మొక్క మన పొలాల్లోనే ఉందన్నమాట. 1729లో ఫ్రెంచి ఖగోళ శాస్త్రజ్ఞుడు ద మెరాన్ అత్తిపత్తి మొక్కను చీకట్లో పెట్టి, వెలుగు లేకపోయినా దాని ఆకులు పగటివేళ విచ్చుకోవడం, రాత్రివేళ ముడుచుకోవడం గమనించాడు. మరో నూరేళ్ల తరువాత, 1832లో, స్విట్జర్లాండ్ వృక్షశాస్త్రజ్ఞుడు ద కాండోల్ ఆ ఆకుల ముడుచుకోవడం ఇరవైనాలుగు గంటలకు కాక 22, 23 గంటలకే తిరిగి వస్తోందని కనిపెట్టాడు. బయటి పొద్దును చూసి నడిస్తే కచ్చితంగా ఇరవైనాలుగే కావాలి. సొంత గడియారం ఉంది కాబట్టే అది కాస్త తొందరగా నడిచింది.

మొక్కా కాని, జంతువూ కాని జీవి మీకు ఇష్టమైతే ఫైసారమ్ ఉంది. కుళ్లిన మొద్దుల మీద పాకే పసుపు పచ్చని జిగురు జీవి ఇది. ఒకప్పుడు దీన్ని శిలీంధ్రాల్లో కలిపి లెక్కగట్టేవారు. దీనికి మెదడు లేదు, నరాలు లేవు. 2008లో జపాన్ శాస్త్రజ్ఞులు గంటకొకసారి చొప్పున మూడుసార్లు దాని మీదికి చల్లని పొడి గాలిని పంపారు. మూడుసార్లూ అది నడక తగ్గించింది. నాలుగో గంటకు వాళ్లు గాలి పంపలేదు. అయినా అది, రాని చలి కోసం, సరిగ్గా ఆ వేళకు నడక తగ్గించింది.

ఇక్కడ మూడు వేర్వేరు పనులున్నాయి, తెలుగులో మూడు వేర్వేరు మాటలూ ఉన్నాయి: గుర్తుంచుకోవడం, ఎదురుచూడడం, తెలిసి ఉండడం. మొదటి రెండూ నిజమైన మొక్కలకు, వాటి దగ్గరి జీవులకు ఉన్నవే. పొద్దుతిరుగుడు రేపటి సూర్యుణ్ణి ఎరగదు, ఎదురుచూస్తుంది. సూర్యుడు రాకపోతే మోసపోతుంది. మూడోది మీ ఊహ. ఆ నవలలోని జీవికి రేపటి గాలి తెలుసు, రేపటి గొడ్డలి కూడా తెలుసు. ఎదురుచూసే మొక్కకూ తెలిసి ఉన్న మొక్కకూ తేడా గమనించకుండా రాయడం వల్లనే ఆ జీవి ఒక ప్రకరణంలో పొరబడుతుంది, మరో ప్రకరణంలో పొరబడదు. రచయిత అవసరాన్ని బట్టి దాని స్వభావం మారిపోతుంది.

మొక్కల కాలం మనుషుల కాలం కంటే పొడుగైనప్పుడు ఏం జరుగుతుందో చూపే ఉదాహరణ ఒకటి నాకు చాలా ఇష్టం. 1879లో అమెరికాలోని మిషిగన్‌లో విలియం జేమ్స్ బీల్ అనే వృక్షశాస్త్రజ్ఞుడు ఇరవై సీసాల్లో ఇసుకతో కలిపి విత్తనాలు నింపి నేలలో పాతిపెట్టాడు. ఎన్నేళ్ల తరువాత కూడా అవి మొలుస్తాయో తెలుసుకోవాలని అతని కోరిక. ఆయన 1924లో పోయాడు, ప్రయోగం నడుస్తూనే ఉంది. ఆ సీసాలు ఎక్కడున్నాయో చూపే పటం ఒక తరం చేతి నుంచి మరో తరం చేతికి మారుతూ వచ్చింది. 2021లో ఒక సీసా తీశారు, అందులోనూ కొన్ని విత్తనాలు మొలిచాయి. చివరి సీసా తీయవలసింది 2100లో. విత్తనం ఏమీ చేయకుండా పడి ఉంటుంది. ఆ పటాన్ని పోగొట్టకుండా అప్పగించుకుంటూ వచ్చే మనుషులే కథ. మీరు రాయని కథ అదే.

ఇది ముచ్చటైన ఉదాహరణ. రెండోది ముచ్చటైనది కాదు.

ఈశాన్య భారతంలోని మిజో కొండల్లో, అంటే ఇప్పటి మిజోరంలో, విస్తారంగా పెరిగే ఒక జాతి వెదురు దాదాపు 48 ఏళ్లకు ఒకసారి, కొండలకు కొండలు ఒక్కసారిగా పూసి, కాయ కాసి, చచ్చిపోతుంది. మిజోలు దీన్ని మౌతామ్ అంటారు; వెదురు చావు అని అర్థం. చేతినిండా వచ్చే ఆ కాయలు తిని ఎలుకలు విపరీతంగా పెరుగుతాయి. కాయలు అయిపోగానే ఆ ఎలుకల దండు పోడు పొలాల్లోని వరి మీద, ఇంటి గాదెల మీద పడుతుంది. 1862 ప్రాంతంలో ఇలాగే జరిగింది, 1911లో మళ్లీ జరిగింది, కాబట్టి మిజో పెద్దలకు లెక్క తెలుసు. 1958 అక్టోబరులో, అప్పటికి అస్సాంలో భాగంగా ఉన్న మిజో జిల్లా మండలి, వెదురు పూయబోతోంది, కరువు రాబోతోంది, ముందుజాగ్రత్త పనులకు పదిహేను లక్షల రూపాయలు ఇప్పించండి అని తీర్మానించి ప్రభుత్వాన్ని అడిగింది. మొక్క పూతను చూసి కరువును ఊహించడం శాస్త్రీయం కాదని, గిరిజనుల నమ్మకమని ఆ విన్నపాన్ని తోసిపుచ్చారు. వెదురు వేళకు పూసింది. ఎలుకలు వచ్చాయి. పంట పోయిన జనం అడవి దుంపలు తవ్వుకుని తిన్నారు. కరువు సహాయం కోసం 1960లో ఏర్పడిన సంఘం మరుసటి ఏడాది రాజకీయ పక్షంగా మారింది, 1966లో సాయుధ తిరుగుబాటు మొదలైంది, 1986లో ఒప్పందం కుదిరే దాకా ఇరవై ఏళ్లు ఆ కొండల్లో శాంతి లేదు. ఆ తిరుగుబాటుకు వెదురు ఒక్కటే కారణమని ఎవరూ అనరు, నేనూ అనను. కానీ ఒక మొక్క కాలాన్ని చదవగలిగిన మనుషుల మాట విననివాళ్లు ఎంత మూల్యం చెల్లించాలో తెలియడానికి అది చాలు. 2006, 2007 సంవత్సరాల్లో అదే వెదురు మళ్లీ లెక్క ప్రకారం పూసింది. ఈసారి ప్రభుత్వం ముందుగానే పథకం వేసుకుని, ఎలుక తోకకు ఇంత అని డబ్బు కూడా ఇచ్చింది.

ఈ వెదురును చూశాక మీ ఊహా మొక్క వైపు చూస్తే నాకు మొదట కనిపించేది ఆ లోయలోని పన్నెండు ఇళ్లే. రచయిత పెట్టిన నియమాలను మార్చకుండా, వాటినే నమ్మి, ఆ ఇళ్లవాళ్లకు ఏం జరగాలో వరుసగా చెబుతాను.

1. కాయ ముందు, పువ్వు తరువాత అన్నప్పుడు అప్పు స్వరూపమే మారిపోతుంది. మామూలు రైతు పూత చూసి ఆశపడి, కాయ కోసం ఎదురుచూస్తూ, ఆ మధ్యకాలానికి అప్పు చేస్తాడు. అప్పిచ్చేవాడికీ కొంత భయం ఉంటుంది కాబట్టి ఇద్దరూ బేరమాడుకుంటారు. ఈ లోయలో కాయ చేతికి వచ్చిందంటే ఆ తరువాత పూత వచ్చి తీరాలి. కాబట్టి కాయ కాసిన ఇంటికి అప్పు అడగకుండానే ఇస్తారు. కొమ్మ ఖాళీగా ఉన్న ఇంటికి, ఆ ఏడు పూత రాదని ఇవాళే రుజువైపోయింది కాబట్టి, ఎక్కడా అప్పు పుట్టదు. రేపు ఏమవుతుందో ఎవరికీ తెలియకపోవడమే పేదవాడికి ఉన్న ఒకే ఒక్క హామీ. మీ మొక్క దాన్ని తీసేసింది. ఇంకొక చిక్కు కూడా ఉంది. కాయ తిన్న తరువాత, పూత రాకముందు, వడగళ్లు పడితే? పూత పోతే తిన్న కాయ ఎక్కడి నుంచి వచ్చినట్టు? పూత పోదు అంటే, కాయ కాసిన ప్రతి ఏడూ ఆ లోయలో వడగళ్లు పడకూడదు. వాతావరణాన్ని ఒక చెట్టు శాసిస్తోందన్న మాట రచయితకు తట్టి ఉండదు, కానీ ఆ చెట్టు యజమానికి తప్పకుండా తడుతుంది.

2. గాటు సంగతి ఇంతకంటే కష్టం. ఒక ఉదయం కాండం మీద గాటు కనిపించింది అనుకుందాం. రేపు ఎవరో నరుకుతారు. ఎవరు? గొడ్డలి ఉన్న ప్రతివాడూ దోషే. కట్టెలు కొట్టి బతికే కుటుంబాన్ని ఆ రాత్రి ఊరు ఏం చేస్తుందో ఊహించడానికి రచయిత కానక్కరలేదు. ఇంతకూ కాపలా పెట్టి ఆపగలరా అంటే, ఆపగలిగితే గాటే కనిపించకూడదు. కనిపించింది కాబట్టి ఆపలేరు. అయినా ఊరు కాపలా పెడుతుంది, ఎందుకంటే ఏమీ చేయకుండా కూర్చోవడం మనుషులకు చేతకాదు. తెల్లవారాక గాటు నిజమవుతుంది, నిద్రపోయావని కాపలావాణ్ణి కొడతారు. తాను ఎట్టి పరిస్థితిలోనూ ఆపలేని నేరానికి శిక్ష అనుభవించే ఆ కాపలావాడు ఆ నవలలో అసలు లేడు. నా దృష్టిలో ఆ నవలకు నాయకుడు కావలసినవాడు అతనే.

3. రేపటి గాలి ఇవాళ తెలుస్తుంది, నిజమే, కానీ చెట్టు కనిపించేంత దూరంలో ఉన్నవాళ్లకే తెలుస్తుంది. కొండకు అవతల ఉన్నవాళ్లకు ఆ కబురు మనిషి నడిచేంత వేగంతోనే వెళుతుంది. కబురు మోసేవాడికి ఒక ధర వస్తుంది, ఆపేవాడికి అంతకంటే పెద్ద ధర వస్తుంది. గింజల వ్యాపారి చెట్టు కింద ఒక మనిషిని కూర్చోబెడతాడు. పడవల యజమాని ఇంకొకణ్ణి కూర్చోబెడతాడు. వీళ్ల తోపులాట ఆపడానికి కంచె వస్తుంది, కంచెకు ద్వారం వస్తుంది, ద్వారానికి రుసుము వస్తుంది. ఒక తరం గడిచేసరికి తాతల నాటి నుంచి చెట్టు పక్కన బతికిన పన్నెండు ఇళ్లూ కంచెకు బయట ఉంటాయి. మునుపు చెట్టు వంగితే పశువులను కొట్టంలో కట్టేసేవారు. ఇప్పుడు వ్యాపారి ముఖం చూసి గాలి వస్తుందో లేదో తెలుసుకోవాలి.

4. ఎలుకల మాట మరచిపోవద్దు. అన్ని వెదుళ్లూ ఒకేసారి ఎందుకు కాస్తాయన్న ప్రశ్నకు 1976లో డేనియల్ జాంజెన్ అనే జీవశాస్త్రజ్ఞుడు ఇచ్చిన వివరణ ప్రసిద్ధమైంది: తినే జంతువులు ఎంత తిన్నా మిగిలేటన్ని గింజలు ఒక్కసారిగా రాల్చడమే ఆ మొక్క ఎత్తుగడ. అంటే, మొక్క కాలం వెనుక ఎప్పుడూ దాన్ని తినేవాళ్ల ఆకలి ఉంటుంది. మీ జీవిని ఏం తింటుంది?

5. కొమ్మలు అసలే కదలని ఒక రోజు వస్తుంది. రేపు గాలి లేదు కాబట్టి కదలలేదా, లేక రేపటికి చెట్టే లేదు కాబట్టి కదలలేదా? ఆ లోయలో అందరికంటే ముసలమ్మ ఆ ఉదయం గడప దాటి చెట్టు వైపు చూసిన క్షణాన్ని రాయగలిగినవారు ఈ లేఖ చదివేవారిలో ఎవరో ఒకరు తప్పక ఉంటారని నమ్ముతున్నాను.

లెక్క అడిగితే వింత పోతుందన్న వాదన మీ వైపు నుంచి వస్తుందని తెలుసు. నా అనుభవం దీనికి వ్యతిరేకం. చైనా, జపాన్ దేశాల్లో పెరిగే ఒక వెదురు దాదాపు 120 ఏళ్లకు ఒకసారి పూస్తుంది. దాని పిలకను తీసుకెళ్లి వేరే ఖండంలో నాటినా తల్లి మొక్కతో పాటే పూసిన సందర్భాలున్నాయి. వేర్వేరు నేల, వేర్వేరు వాన, అయినా వేళ ఒకటే. ఇది ఎలా సాధ్యమని లెక్కలు వేసిన కొందరు, చిన్న కాలచక్రం రెట్టింపై, మళ్లీ రెట్టింపై, మూడింతలై, ఐదింతలై ఈ పెద్ద సంఖ్య వచ్చి ఉంటుందని 2015లో ప్రతిపాదించారు. లెక్క తెలిశాక తరగతిలో పిల్లలు నోరు తెరిచి విన్నారు తప్ప, ఒక్కరూ ఆవులించలేదు.

ఊహా మొక్క ఎప్పుడూ కథలోనే ఉండిపోతుందన్న ధీమా కూడా సరికాదు. బొమ్మ కింద ఉన్న పేరు చెరిగిపోయాక అది ఊరి మీద పడుతుంది. మానస సరోవరం దగ్గర 36 ఏళ్లకు ఒకసారి పూసే నాగపుష్పం అంటూ ఫోన్ల నుంచి ఫోన్లకు తిరిగిన ఫొటో మీలో చాలామంది చూసే ఉంటారు. అది పువ్వు కాదు, మొక్క కాదు, హిమాలయాల్లోది అసలే కాదు. సముద్రపు అడుగున నాటుకుని బతికే, ఈకలాంటి ఆకారం ఉన్న ఒక జంతువు. ఇరవై ఏళ్లకు ఒకసారి స్త్రీ ఆకారంలో పూస్తుందన్న నారీలత అయితే ఎక్కడా లేనే లేదు. పుణ్యం వస్తుందని వాటికి దండం పెట్టి పదిమందికి పంపిన పెద్దవాళ్లను నేను తప్పుపట్టను. నొప్పి ఎక్కడంటే, పశ్చిమ కనుమల్లో పన్నెండేళ్లకు ఒకసారి నిజంగానే పూసే నీలకురింజి గురించి, 2006లో, ఆ తరువాత 2018లో అది కొండలను నీలంగా కప్పేసిన సంగతి గురించి చెప్పినప్పుడు, వాళ్లే నన్ను చూసి, ఇది కూడా అలాంటిదేనా అని నవ్వారు. 1958లో నిజాన్ని నమ్మకమని కొట్టిపారేశారు; ఇప్పుడు కట్టుకథను నిజమని పంచి, నిజం ఎదురైతే కట్టుకథ అంటున్నారు. రెండు చోట్లా మొక్క వేళను లెక్కగట్టినవాడి మాట ఎవరూ అడగలేదు.

అందువల్ల మీ ముందు ఈ కింది కోరికలు ఉంచుతున్నాను. ఇవి విన్నపాలుగా మొదలైనవి. మూడు ఉత్తరాల తరువాత డిమాండ్లు అయ్యాయి.

1. మీ ఊహాజీవికి కాలం విషయంలో ఉన్న నియమాన్ని మొదట మీ కోసం ఒక కాగితం మీద రాసుకోండి: అది గుర్తుంచుకుంటుందా, ఎదురుచూస్తుందా, తెలిసి ఉందా, ఎంత ముందుకు, ఎంత వెనక్కి, ఏది దానికి తెలియదు. ఆ నియమాన్ని కథానాయకుడి ప్రాణం కోసం కూడా తప్పించవద్దు. పాఠకుడు అద్భుతాన్ని క్షమిస్తాడు, మధ్యలో మారిన అద్భుతాన్ని క్షమించడు.

2. ఆ శక్తికి జీవి చెల్లించే మూల్యం చూపండి. తాళపత్రాలకు ఆకునిచ్చిన శ్రీతాళం దశాబ్దాల పాటు బలం కూడబెట్టి, ఒకే ఒక్కసారి ఆకాశమంత పూత పూసి, కాయలు రాల్చి చచ్చిపోతుంది. నిజమైన మొక్కకు ఏ వేళా ఉచితంగా రాలేదు.

3. ఆ జీవి పక్కన బతికే మనిషి ఒకరికైనా పేరు, వృత్తి, బాకీలు ఇవ్వండి. గుంపుగా వచ్చి కాగడాలు ఊపి వెళ్లేవాళ్లు ఇక చాలు.

4. చిత్రకారులు తమ బొమ్మ మీదనే, చెరపడానికి వీలులేని చోట, ఊహాచిత్రం అన్న మాట రాయాలి. బొమ్మ కింద రాస్తే ఎవరో ఒకరు కత్తిరిస్తారు.

5. ఆటల రూపకర్తలకు ప్రత్యేకంగా ఒక మాట. మీ ఆటల్లో ఇలాంటి మొక్కను కోస్తే ఆటగాడికి శక్తి వస్తుంది, కాసేపటికి మొక్క అదే చోట మళ్లీ మొలుస్తుంది. కోసిన మొక్క వల్ల పక్క ఊరిలో ఒక ఇంటి పొయ్యి ఆరిపోయేలా ఆటను కట్టండి. అప్పుడు ఆటగాడు రెండోసారి చేయి చాపే ముందు ఆలోచిస్తాడు.

6. సంపాదకులు, ప్రచురణకర్తలు పాఠకుల అభ్యంతరాలకు సకాలంలో జవాబివ్వాలి. అంగీకరించకపోతే ఎందుకు అంగీకరించలేదో రెండు వాక్యాల్లోనైనా చెప్పాలి. కల్పనను లెక్కలు అడగకూడదన్న ఒక్క వాక్యం జవాబు కిందికి రాదు.

చివరిగా, పేరు చెప్పని ఆ నవల త్వరలో పుస్తకంగా రాబోతోందని ప్రకటన చూశాను. రచయితకు నా మీద కోపం ఉంటే ఉండనివ్వండి, అది న్యాయమే. నేను ఆ పుస్తకం కొని చదువుతాను. అచ్చుకు వెళ్లేలోగా ఒక్క ప్రకరణం చేర్చమని మాత్రం అందరి ఎదుటా అడుగుతున్నాను. కాండం మీద గాటు కనిపించిన రాత్రి చెట్టు దగ్గర కాపలా ఎవరిదో, తెల్లవారాక అతన్ని ఊరు ఏం చేసిందో అందులో చెప్పండి.

ఇట్లు,
మీ పాఠకుడు